ఊరికి పళ్ళు కట్టిన మనిషి

ఊళ్ళో అందరికీ ఆమె పళ్ళక్క. తనకంటే పదేళ్ళు పెద్దవాళ్ళకీ పళ్ళక్కే, వాళ్ళ మనవలకీ పళ్ళక్కే. కట్టుడుపళ్ళు చేయడం ఆమె వృత్తి. ఈ సంగతి తెలియని లారీ డ్రైవరొకడు ఎవరో "పళ్ళక్క కొట్టు" అంటుంటే విని, బండి పక్కకాపి, డజను అరటిపళ్ళివ్వమన్నాడు. ఆమె చేతిలోని మైనపు దవడను కింద పెట్టకుండానే, "నా దగ్గర తినే పళ్ళు లేవు నాయనా, తినిపించే పళ్ళే ఉన్నాయి" అంది. అతను ఆ దవడను చూశాడు, బండెక్కాడు, మళ్ళీ వెనక్కి తిరిగి చూడలేదు.

పళ్ళక్క తండ్రి అచ్చాఫీసులో కంపోజిటరు. సీసపు అక్షరాలను ఒక్కొక్కటే ఏరి, తిరగేసి, వరసలో పేర్చే పని. బడి లేని రోజుల్లో ఆమె ఆయన పక్కనే ఎత్తు స్టూలు మీద కూర్చుని, వాడేసిన అక్షరాలను మళ్ళీ ఏ గడిలోవి ఆ గడిలో వేసేది. పన్నెండేళ్ళు వచ్చేసరికి కళ్ళు మూసుకుని వరస మీద వేలు పోనిచ్చి, ఏ అక్షరం వెంట్రుకవాసి పైకి లేచిందో చెప్పేసేది. ఆమెకు పంతొమ్మిదో ఏడు నడుస్తుండగా అచ్చాఫీసు మూతపడింది. తండ్రి ఇంట్లో కూర్చున్నాడు. ఆమె వెళ్ళి పళ్ళ డాక్టరు దగ్గర గిన్నెలు, పరికరాలు కడిగే పనిలో చేరింది.

ఆ డాక్టరుగారి హస్తవాసి మంచిది, నోరే మంచిది కాదు. పళ్ళ సెట్లు ఆయనే వెనకగదిలో చేసుకునేవాడు. ఒకరోజు పొద్దున వచ్చి చూస్తే, ముందురోజు తాను మైనంలో గుచ్చి పెట్టిన పళ్ళ వరస మారి ఉంది.

"ఎవరు ముట్టుకున్నారు దీన్ని?" అని గది అదిరేలా అరిచాడు.

"నేనేనండి. కుడివైపు మూడో పన్ను కాస్త ముందుకొచ్చింది. ఆవిడ నవ్వితే అదొక్కటే కనిపిస్తుంది. అందుకని లోపలికి నెట్టాను."

"నీకెవరు చెప్పారు?"

"ఎవరూ చెప్పలేదండి. కనిపిస్తోంది కదా."

ఆయన పళ్ళు నూరుతూనే ఆ మైనపు సెట్టును పేషెంటు నోట్లో పెట్టి చూశాడు. ఆవిడ అద్దంలో చూసుకుని, ఆరేళ్ళ తర్వాత మొదటిసారి చెయ్యి అడ్డం పెట్టుకోకుండా నవ్వింది. మర్నాటి నుంచి గిన్నెలు కడగడానికి ఇంకొకరు వచ్చారు. పళ్ళక్క వెనకగదిలో స్టూలెక్కింది.

పదేళ్ళకు ఆమె పేర్చిన వరసకు డాక్టరు వంక పెట్టడం మానేశాడు. ఆయన పోయాక కూతురు పక్క ఊళ్ళో ఆస్పత్రి పెట్టుకుంది. నోళ్ళు చూడడం, అచ్చులు తీయడం ఆ డాక్టరమ్మ వంతు, సెట్లు చేయడం పళ్ళక్క వంతు. అలా పని ఇంటి వెనకగదికి వచ్చింది. మోటార్లు బాగుచేసే ఆమె భర్త, పాత వాషింగ్ మెషీను మోటారు ఊడబీకి సానపట్టే యంత్రం కట్టిచ్చాడు. గోడ పొడవునా అరలు కొట్టించి, ప్రతి నోటి ప్లాస్టరు అచ్చునూ పెన్సిలుతో పేరు రాసి దాచింది. ముప్పై ఏళ్ళలో ఊరు ఊరంతా ఆ గోడ మీద పళ్ళికిలించుకుని కూర్చుంది.

ఇంట్లో ఆమె పనికి వంక పెట్టే మనిషి ఒక్కతే మిగిలింది. అత్తగారు. కోడలు ఆవిడకు మూడు సెట్లు చేసిచ్చింది. మొదటిది పెట్టుకుని "ఇవి పళ్ళా, పలుగురాళ్ళా?" అంది. రెండోది పెట్టుకుని "మరి నాలిక్కి చోటేదే?" అంది. మూడోది పెట్టుకుని ఏమీ అనలేదు. అనకపోవడమే మెచ్చుకోలని భర్త సర్దిచెప్పబోయాడు. "మీ అమ్మ నోట్లో నేనేం పెట్టినా మాటే వస్తుందండీ, మెప్పు రాదు" అని పళ్ళక్క నవ్వేసింది.

సుడిగాలి వచ్చింది మధ్యాహ్నం మూడుంబావుకు. పొద్దుటి నుంచీ ఒకటే ఉక్క. రెండు దాటాక గాలి పూర్తిగా చచ్చిపోయింది. ఆకాశం నాచు పట్టిన నీళ్ళ రంగుకు తిరిగింది. పళ్ళక్క ఒక సెట్టుకు మెరుగు పెడుతోంది. మున్సిపాలిటీ సైరను మోగింది. ఏటా రెండుమూడుసార్లు మోగేదే కదా అని ఆమె పని ఆపలేదు. భర్త షెడ్డులోంచి పరుగెత్తుకొచ్చి యంత్రం తీగ పీకేశాడు.

"బయటికొచ్చి చూడు. ధాన్యం గోడౌన్ల వెనక దిగింది. తొండంలా ఉంది. ఇటే వస్తోంది."

ఆ ఇంట్లో గట్టి చోటంటే మెట్ల కింద సామాన్ల గది ఒక్కటే. అత్తగారు భోంచేసి కునుకు తీస్తోంది. పళ్ళు కిటికీ గట్టు మీద, గాజుగిన్నెలో, నీళ్ళలో ఉన్నాయి. కొడుకు లేపగానే ఆవిడ చెయ్యి కిటికీ వైపు చాచింది.

"పళ్ళురా! నా పళ్ళు!"

"ముందు ప్రాణం సంగతి చూడమ్మా!"

"బోసినోటితో నలుగురిలో పడ్డాక ఆ ప్రాణమెందుకురా?"

అతను తల్లిని గోనెసంచిలా భుజాన వేసుకున్నాడు. చీపుర్ల మధ్య, పాత టైర్ల మధ్య ముగ్గురూ ముడుచుకున్నారు. అతను తలుపు గొళ్ళేన్ని రెండు చేతులా పట్టుకుని వేలాడాడు. చెవులు గడియ పెట్టినట్టు మూసుకుపోయాయి. ఆ తర్వాత, వెయ్యి రేకుల షెడ్లను ఎవరో ఒక్కసారిగా రోడ్డు మీద ఈడ్చుకుపోతున్నట్టు చప్పుడు. అత్తగారు కోడలి మణికట్టును ఎంత గట్టిగా పట్టుకుందంటే, ఆ వేళ్ళ గుర్తులు వారం రోజులు మాయలేదు. అంతా కలిపి నాలుగు నిమిషాలు.

తలుపు తీస్తే వంటింట్లో పట్టపగటి వెలుతురు. పైకప్పు లేదు. గాజుగిన్నె లేదు, కిటికీ లేదు, కిటికీ ఉన్న గోడే లేదు. వెనకగది ఉన్నచోట ఇటుకల గుట్ట, దాని మీద ఎవరిదో సైకిలు. ముప్పై ఏళ్ళ అచ్చులు పేర్చిన అరలు కొయ్యముక్క కూడా మిగలకుండా లేచిపోయాయి. పళ్ళక్క ఒక్క నిమిషం అలాగే నిలబడి చూసింది. ఇంతలో పక్కింట్లోంచి ఎవరో కేక పెట్టారు. ఆమె అటు పరుగెత్తింది.

బస్టాండు నుంచి గోడౌన్ల దాకా, రెండు వీధుల వెడల్పున, ఊరు మధ్యలో చీపురు పెట్టి ఊడ్చేసినట్టయింది. అటూ ఇటూ ఉన్న ఇళ్ళకు కప్పులూ అద్దాలూ పోయాయి. పదకొండు మంది చనిపోయారు. వాళ్ళలో దర్జీ భార్య ఒకరు. సైరను మోగాక, ఆరేసిన బట్టలు తీయడానికి డాబా ఎక్కిందట.

కాలేజీ ఆటల హాల్లో అయిదారు వందల మంది తలదాచుకున్నారు. రెండో రోజు నుంచి లారీలు రావడం మొదలైంది. దుప్పట్లు వచ్చాయి, మందులు వచ్చాయి, బిస్కెట్లు, గట్టి రొట్టెలు, యాపిల్ పెట్టెలు వచ్చాయి. మూడో రోజు రొట్టెలు పంచుతూ పళ్ళక్క ఒక సంగతి గమనించింది. ముసలివాళ్ళు రొట్టె తీసుకుని దుప్పటి కింద దాచేస్తున్నారు, టీ మాత్రం రెండోసారి అడుగుతున్నారు. మాట్లాడాల్సి వస్తే చెయ్యి అడ్డం పెట్టుకుంటున్నారు. బస్టాండులో మనిషిని నిలబెట్టి గంటసేపు ఉపన్యాసం దంచే రిటైర్డు పోస్టుమాస్టరు, మూడు రోజులుగా తల ఊపడమే తప్ప పెదవి విప్పలేదు. పెద్దాయన దిగులు పెట్టుకున్నాడని అందరూ అనుకుంటున్నారు.

పళ్ళక్క వెళ్ళి ఆయన ముందు కూర్చుంది. "బాబాయ్, పళ్ళేవి?"

ఆయన చుట్టూ చూసి, చెయ్యి తీయకుండానే గొణిగాడు. "గిన్నెలో వేసి పడుకున్నానే అమ్మాయ్. గిన్నే పోయింది, గూడూ పోయింది."

ఆమెకు అప్పుడు వెలిగింది. మూడుంబావు. ఊళ్ళో పెద్దవాళ్ళందరూ భోంచేసి, పళ్ళు తీసి నీళ్ళలో వేసి, నడుం వాల్చే వేళ. సుడిగాలి వేళ చూసుకుని మరీ వచ్చినట్టుంది. సాయంత్రంలోగా ఆమె హాలంతా తిరిగి, పరుపు పరుపు దగ్గరా కూర్చుని, ఎవరి నోరు ఖాళీయో తేల్చుకుంది. నలభై ఒక్క నోళ్ళు. అందులో ముప్పై అయిదింటికి కట్టింది తానే.

హాలు గుమ్మంలో బల్ల వేసుకుని, ఎవరికేం పోయిందో ఒక ఆఫీసరమ్మ రాసుకుంటోంది. పళ్ళక్క వెళ్ళి ఆ కాగితాన్ని తలకిందులుగానే చదివేసింది. చిన్నప్పటి అలవాటు.

"అమ్మా, మీ కాగితంలో ఇల్లుంది, పశువులున్నాయి, బళ్ళున్నాయి. పళ్ళ గడి లేదే?"

"పళ్ళయితే పంటల కింద రాయించండి. తోట ఎంతుంది?"

"తోట పళ్ళు కాదండీ. నోటి పళ్ళు."

ఆఫీసరమ్మ పెన్ను ఆపింది. "కట్టుడుపళ్ళా? అవి తర్వాత చూద్దాం లెండి. ముందు తిండి సంగతి..."

"తిండి పంపారు. నమలడానికేం పంపారు? నలభై ఒక్క మంది మూడు రోజులుగా టీ నీళ్ళ మీద బతుకుతున్నారు. యాపిల్ పళ్ళు తల దగ్గర పెట్టుకుని వాసన చూస్తున్నారు."

"సిటీలో ల్యాబుకి రాస్తాను. కాకపోతే ఆర్నెల్లు పట్టొచ్చు."

"రాయొద్దు. నాకొక గది ఇప్పించండి. కొళాయి ఉండాలి, పొయ్యి ఉండాలి. మిగతాది నేను చూసుకుంటాను."

"మీరా? మీ ఇల్లు పూర్తిగా పోయిందని నిన్నే రాశాను కదా."

"ఇల్లు పోయిందండీ. పని పోలేదు."

ఆఫీసరమ్మ ప్రిన్సిపాలుకు ఫోను చేసింది. గంటలో కెమిస్ట్రీ ల్యాబు తాళంచెవి పళ్ళక్క చేతిలో ఉంది.

ఆ ల్యాబు కిటికీలకు అద్దాల్లేవు, ప్లాస్టిక్ పట్టాలు కట్టి ఉన్నాయి. అయితేనేం, ఎనిమిది కొళాయిలు, వరసగా గ్యాసు బర్నర్లు, పొడవాటి రాతి బల్లలు. తన వెనకగదిలో ఒక్క కొళాయితో ముప్పై ఏళ్ళు నెట్టుకొచ్చిన మనిషికి కళ్ళు చెదిరాయి. భర్త రెండు రోజులు ఇటుకల గుట్ట తవ్వి, ఆమె ఇత్తడి మూసలు ఆరింటిని బయటికి తీశాడు. వాటి బరువుకు సుడిగాలి కూడా వాటి జోలికి పోలేదు. ఆరింట్లో మూడింటికే మూతలు సరిగ్గా కూర్చున్నాయి. నలిగిపోయిన నీళ్ళ పంపులోంచి మోటారు తీసి, సానపట్టే యంత్రం మళ్ళీ కట్టాడు. డాక్టరమ్మ కారు డిక్కీ నిండా ప్లాస్టరు, మైనం, చిగుళ్ళు చేసే గులాబిరంగు పొడి, అట్టలకు గుచ్చిన పళ్ళ వరసలు వేసుకుని వచ్చింది. వచ్చిన రోజే పద్ధెనిమిది నోళ్ళకు అచ్చులు తీసింది.

"అక్కా, అంత తొందరపడకు," అంది వెళ్ళబోతూ. "కొత్త చోటు, కొత్త పొయ్యి."

"ఎన్ని చూశానులేమ్మా," అంది పళ్ళక్క.

ఆ మాటకు శాస్తి మొదటి వాయిలోనే జరిగింది. మైనంలో పళ్ళు పేర్చాక, దాన్ని మూసలో ప్లాస్టరుతో బిగించి, వేడినీళ్ళతో మైనాన్ని కరిగించేసి, ఆ ఖాళీలో గులాబిరంగు ముద్దను కూరాలి. తర్వాత మూసను నీళ్ళలో పెట్టి సన్నసెగ మీద గంటల తరబడి కాచాలి. నీళ్ళు కాగాలి గానీ మరగకూడదు. ఆ బర్నరు మంట ఆమెకు కొత్త. ఎప్పుడు మరిగాయో మరిగిపోయాయి. మూసలు విప్పితే మూడు సెట్ల చిగుళ్ళూ బుడగలు బుడగలుగా, గిన్నెలు తోమే స్పాంజిలా ఉన్నాయి.

బెంచీ మీద పొద్దుటి నుంచి కాచుకుని ఉన్న పోస్టుమాస్టరు మెడ చాచాడు. "ఏమైందే అమ్మాయ్?"

"మీ పళ్ళు పొంగిపోయాయి బాబాయ్. మళ్ళీ చేస్తాను."

ఆమె సుత్తి తీసుకుని మూడింటినీ తానే పగలగొట్టింది. భర్త పక్కకొచ్చి మెల్లగా "పోనీలే, బాధపడకు" అన్నాడు.

"బాధెవరు పడుతున్నారండీ? తిట్టుకుంటున్నాను. అక్కడ బీరువాలో థర్మామీటర్లున్నాయి, ఒకటి ఇలా ఇవ్వండి."

మర్నాడు పొద్దున తొమ్మిది నుంచి సాయంత్రం దాకా, ఆ గాజుగొట్టాన్ని నీళ్ళలో ముంచి, మంటను గోటితో తిప్పినంత తిప్పుతూ ఆమె పొయ్యి దగ్గర్నుంచి కదల్లేదు. ఈసారి చిగుళ్ళు నున్నగా, పసిపిల్లల నోట్లోవాటిలా వచ్చాయి.

పోస్టుమాస్టరు కొత్త పళ్ళు పెట్టుకుని, హాలు నడిమధ్యకు నడిచి వెళ్ళి, దాచుకున్న యాపిల్ తీసి కొరికాడు. ఆ కరకర హాలు ఆ మూలకి వినిపించింది. నమిలి మింగాక మొదలుపెట్టాడు. రోడ్డు వెడల్పు గురించి, కరెంటు స్తంభాల గురించి, గోడౌన్లు ఎక్కడ కట్టాలన్న దాని గురించి నలభై నిమిషాలు ఏకధాటిగా మాట్లాడాడు. చప్పట్లు కొడతారనుకున్నాడేమో, మధ్యలోనే సగం మంది చల్లగా జారుకున్నారు. "ఇంతమంది ఉండగా ఆయనకే ముందు కట్టావేమే తల్లీ" అని ఒక పెద్దావిడ పళ్ళక్క చెవిలో వాపోయింది.

రెండో వారంలో అచ్చులు దొరకడం మొదలైంది. అరకిలోమీటరు దూరంలో, ఆటస్థలం గడ్డిలో, చెత్త ఎత్తుతున్నవాళ్ళకు తెల్లటి దవడలు కనిపించాయి. మొదట చూసినవాడు పెట్టిన కేకకు నలుగురు పరుగెత్తుకెళ్ళారట. సంగతి తెలిశాక ఆ గడ్డంతా గాలించి, దొరికినవి బుట్టల్లో వేసుకొచ్చారు. దారిలో ఎవరు ఎదురైనా "మీ నోరు దొరికింది, వెళ్ళి తెచ్చుకోండి" అని ఒకటే వేళాకోళం. పెన్సిలు పేర్లు వానకు చెరిగిపోయాయి. పళ్ళక్కకు పేర్లతో పనిలేదు. ఒక్కో అచ్చునీ వెలుతురుకి పట్టి, ఇది ఫలానా, ఇది ఫలానా అని చెప్పేస్తూ పోయింది. పద్నాలుగు పనికొచ్చాయి. పద్నాలుగు మందికి మళ్ళీ నోరు తెరిచే శ్రమ తప్పింది.

ఆ రోజుల్లోనే ఒక మధ్యాహ్నం దర్జీ వచ్చాడు. సన్నగా, వంగినట్టుండే మనిషి. అరవై దాటాయి. అప్పటిదాకా అచ్చుకి రాలేదు, ఎవరు పిలిచినా రాలేదు. చేతిరుమాల్లో చుట్టిన ఒక అచ్చును బల్ల మీద పెట్టాడు.

"ఇదెవరిదో చెప్పగలవా పళ్ళక్కా?"

కింది దవడ. ముందువైపు సొంతపళ్ళు రెండే మిగిలి ఉన్నాయి. ఒక పంటి అంచున, సన్న ఆకురాయితో కోసినట్టు చిన్న గాటు.

"వదినది," అంది వెంటనే.

"ఎలా చెప్పావు?"

"ఈ గాటు చూడన్నయ్యా. దారం కొరికి కొరికి పడింది. కత్తెర ఒళ్ళో పెట్టుకుని మళ్ళీ పంటితో కొరకడమేంటని ఎన్నిసార్లు కోప్పడ్డానో."

"నేనూ కోప్పడేవాణ్ణి." బొటనవేలితో ఆ గాటును తడిమాడు. "నాకు తెలుసు ఆమెదేనని. ఇంకొకరి నోట వినాలనిపించింది."

ఆ అచ్చును మళ్ళీ రుమాల్లో చుట్టి, జేబులో పెట్టుకున్నాడు.

"మరి నువ్వు అచ్చుకి ఎప్పుడొస్తావు?"

"నాకెందుకులే. ఎవరితో కూర్చుని తినాలి?"

ఓదార్పు మాటలు ఆమెకు చేతకావు. చుట్టూ చూసి, యంత్రానికి తగిలించిన గుడ్డచక్రాన్ని ఊడదీసి అతని ముందు పడేసింది. పళ్ళకు మెరుగు పెట్టడానికి నూలుగుడ్డ పాతిక మడతలు గుండ్రంగా కత్తిరించి, చుట్లు చుట్లుగా కుట్టిన చక్రం కావాలి. పాతవి సుడిగాలి ఎత్తుకుపోయింది. ఇది ఆమె స్వయంగా కుట్టింది.

అతను దాన్ని రెండు వేళ్ళతో ఎత్తి పట్టుకున్నాడు, చచ్చిన ఎలుకను పట్టుకున్నట్టు. "ఎవరు కుట్టారిది?"

"నేనే."

"కుట్టా ఇది? గోనెసంచి మూతి కట్టినట్టుంది. రెండు తిరుగుళ్ళకు విడిపోతుంది."

"ఒక్క తిరుగుడికే విడిపోయింది."

"నీ పనితనం నోటి వరకేలే," అని లేచాడు. మర్నాడు పొద్దున ఎవరిదో కుట్టుమిషను అడిగి తెచ్చి, ల్యాబులో కిటికీ పక్కన వేసుకున్నాడు. పది చక్రాలు కుట్టాడు. అవి అయ్యాక, అచ్చులకొచ్చే ముసలివాళ్ళ మెడకు కట్టడానికి గుడ్డలు కుట్టాడు. అవీ అయ్యాక వెళ్ళలేదు. హాల్లో చిరిగినవన్నీ అక్కడికే రాసాగాయి.

ఎవరి తర్వాత ఎవరన్నది ల్యాబు నల్లబల్ల మీద రాసి ఉండేది. అత్తగారి పేరు నాలుగో వరసలో ఉంది. ఇంటి మనిషని కాదు, ఆవిడ సణుగుడు వినలేక. నాలుగో వాయి మొదలుపెట్టబోతూ పళ్ళక్క బల్ల వైపు చూస్తే, ఆ చోట "దర్జీ" అని వంకరటింకరగా రాసి ఉంది. ఆ రాత ఎవరిదో పోల్చుకోవడానికి ఎంతోసేపు పట్టలేదు. హాల్లో అత్తగారి పరుపు దగ్గరికి వెళ్ళింది.

"అత్తయ్యా, మీ పేరెవరు చెరిపారు?"

"నేనే."

"ఎందుకు?"

"నిన్న జావగిన్నె అలాగే వదిలేశాడే వాడు. మనిషి ఎండుపుల్లలా అయిపోతున్నాడు. నాకేం, మెత్తగా పిసికి పెట్టడానికి కొడుకున్నాడు. నన్ను ఆఖర్న వేసుకో."

"బోసినోటితో నలుగురిలో తిరగలేనన్నారు కదా మీరు?"

"నలుగురూ బోసినోళ్ళేనాయె. సిగ్గెవరి ముందు పడాలి?"

ఆవిడ దుప్పటి సర్దుకుని అటు తిరిగి పడుకుంది.

డాక్టరమ్మ వచ్చినప్పుడు దర్జీ కాదనలేదు. మెడలో టేపుతోనే కుర్చీలో కూర్చుని నోరు తెరిచాడు. అతని సెట్టు తయారైన రోజున పెట్టుకుని, అద్దం కూడా చూసుకోకుండా తన మిషను దగ్గరికి వెళ్ళిపోయాడు. కాసేపటికి పళ్ళక్క తలెత్తి చూస్తే, చొక్కా అంచు కుట్టడం ముగించి, దారాన్ని పంటితో కొరుకుతున్నాడు.

"అన్నయ్యా! కత్తెర ఎదురుగా ఉంది కదా!"

అతను దారం నోట్లో ఉంచుకునే ఆమె వైపు తిరిగాడు. ఇద్దరికీ ఒక్కసారే నవ్వొచ్చింది. నవ్వి నవ్వి, తర్వాత అతనొక్కడూ ఏడ్చాడు. ఆమె యంత్రం స్విచ్చి వేసి, చేతిలో ఏమీ లేకపోయినా ఆ చక్రాన్ని అలా తిరగనిచ్చింది. ఆ చప్పుడులో అతని ఏడుపు ఎవరికీ వినపడలేదు.

సెట్లు తయారవుతున్న కొద్దీ హాల్లో గొడవలు పెరిగాయి. అన్నాళ్ళూ తలలూపిన పెద్దవాళ్ళు ఇప్పుడు ప్రతిదానికీ అడ్డం తిరిగారు. వీధి కొలతలు తప్పన్నారు. కొత్త ఇళ్ళకు పల్చటి పలకల గోడలు వద్దు, ప్రతి ఇంటికీ ఒక కాంక్రీటు గది ఉండాల్సిందే అన్నారు. గోడౌన్లను ఊరికి అవతల కట్టమన్నారు. పోస్టుమాస్టరు అర్జీ రాశాడు, ఒకటి కాదు, పదిహేడు. ఆఫీసరమ్మ తల పట్టుకుని ఒకరోజు ల్యాబుకి వచ్చింది.

"మీ పుణ్యమా అని నాకు పని మూడింతలైందండీ. వీళ్ళకి కాస్త ఆలస్యంగా కట్టాల్సింది."

"చెప్పాను కదమ్మా, నమలడానికి పళ్ళు కావాలని," అంది పళ్ళక్క. "ఇప్పుడు మిమ్మల్నే నముల్తున్నారు."

ఆఫీసరమ్మ నవ్వి, అడక్కుండానే ఒక స్టూలు లాక్కుని కూర్చుని టీ తాగి వెళ్ళింది. కాంక్రీటు గదుల సంగతి ఆ నెలాఖరుకల్లా తేలింది. ప్రతి ఇంటి నమూనాలోనూ ఒకటి చేరింది.

నాలుగు నెలల్లో నలభై నోళ్ళు పూర్తయ్యాయి. అప్పటికి హాలు సగం ఖాళీ అయింది. బస్టాండు వీధికి కప్పులు పడ్డాయి, రొట్టెల బట్టీ వెలిగింది, బడి గంట మోగింది. నలభై ఒకటోది అత్తగారిది. పళ్ళక్క ఆ సెట్టు మీద మిగతావాటి కంటే రెండు రోజులు ఎక్కువ కూర్చుంది. ఆవిడ పెట్టుకుని, దవడ అటూ ఇటూ ఆడించి, "ఎడమవైపు గుచ్చుకుంటోంది" అంది. పళ్ళక్క తీసి, ఆకురాయితో రెండు గీతలు గీసి ఇచ్చింది.

"ఇప్పుడో?"

"ఇప్పుడు ఫరవాలేదు."

గుమ్మంలో నిలబడి ఉన్న కొడుకు చేతిలోని స్పానరు జారిపోయింది. తల్లి నోట ఆ మాట తన మీద గానీ, ఇంకొకరి మీద గానీ అతను ఎన్నడూ విని ఎరగడు.

కాలేజీ తెరిచాక ల్యాబు పిల్లలకు అప్పగించాల్సి వచ్చింది. పళ్ళక్క ఆ బల్లల మీది ప్లాస్టరు మరకలు తానే గోకి, కొళాయిలన్నీ తోమి తాళంచెవి ఇచ్చింది. మున్సిపాలిటీ వాళ్ళు బస్టాండు పక్కన కొత్త కొట్ల వరసలో ఆమెకు ఒక గది ఇచ్చారు. పక్క గది దర్జీది. డాక్టరమ్మ సిటీ నుంచి రప్పించిన ఇద్దరు ఆడపిల్లలు ఆమె దగ్గర పని నేర్చుకోవడానికి వచ్చారు. మొదటి వారం వాళ్ళను మైనం ముట్టనివ్వలేదు. "ముందు మనుషులు ఎలా నవ్వుతారో చూడండి. పనిలో పని, ఎలా అబద్ధమాడతారో కూడా తెలుస్తుంది" అని వాళ్ళను పొద్దంతా కొట్టు ముందు బెంచీ మీద కూర్చోబెట్టింది.

తమ ఇల్లు మాత్రం ఆ వీధిలో అందరికంటే ఆఖర్న లేచింది. ఊళ్ళో ఎవరి మోటారు ఆగినా భర్త అటు పరుగెత్తేవాడు, ఇక గోడలెవరు చూస్తారు? సుడిగాలి వచ్చిన పద్ధెనిమిదో నెలలో, ఒక సోమవారం పొద్దున, మంచాలు, గిన్నెలు, రెండు ట్రంకుపెట్టెలు బండి మీద దిగాయి. కొత్త సున్నం వాసన ఇంకా పోలేదు. అత్తగారు ఏ మంచం ఏ గదిలోకో వేలు పెట్టి చూపిస్తూ, వచ్చినవాళ్ళందరినీ హడలగొడుతోంది. పళ్ళక్క గదులన్నీ ఒకసారి తిరిగి చూసింది. వంటింటి కిటికీ రెక్క సరిగ్గా పడుతోందో లేదో వేసి తీసింది.

"ఎక్కడికే, సామాన్లు సర్దకుండా?" అంది అత్తగారు, కోడలు చెప్పులు వేసుకోవడం చూసి.

"మీరున్నారుగా అత్తయ్యా. నేను సర్దినా మళ్ళీ మీరు మారుస్తారు."

తొమ్మిదింటికల్లా ఆమె కొట్టు తలుపు తీసింది. బెంచీ మీద అప్పటికే అయిదుగురు కూర్చుని ఉన్నారు. వాళ్ళలో ఇద్దరిది ఈ ఊరు కాదు. ఏరు పొంగి ఇళ్ళు మునిగిన ఏదో ఊరి నుంచి, ఈమె పేరు విని, తెల్లవారగానే బస్సెక్కి వచ్చారు. పళ్ళక్క చేతులు కడుక్కుని, ముందున్న ముసలాయన గడ్డం కింద వేలు పెట్టి ముఖాన్ని వెలుతురు వైపు తిప్పింది.

"ఏదీ, నోరు తెరవండి పెద్దయ్యా," అంది. "భయపడకండి. పెద్దగా తెరవండి."